ఆచారం పాటించే యూదు ఇంట్లో కేర్‌గివర్ పని: కోషర్ వంటగది, షబ్బత్, పెసఖ్ – దశలవారీ మార్గదర్శి

నిజామాబాద్, జగిత్యాల వైపు నుంచి, గోదావరి జిల్లాల నుంచి పెద్దవాళ్లను చూసుకునే పనికి ఇజ్రాయెల్ వెళ్లినవాళ్లు ఎక్కువగా అడిగే ప్రశ్న ఒకటే: "ఇంట్లో వాళ్లు బాగా మతం పాటిస్తారు, వంటగదిలో ఏది ముట్టుకోవాలో ఏది ముట్టుకోకూడదో తెలియక టెన్షన్‌గా ఉంది, ఎలా?" మంచం మీద మనిషిని తిప్పడం, బీపీ చూడడం శిక్షణలో నేర్పుతారు. పాల గిన్నె, మాంసం గిన్నె సంగతి మాత్రం ఇంట్లో దిగాకే తెలుస్తుంది.

ముందుగా ఒక మాట. యూదుల ధర్మశాస్త్రాన్ని హలాఖా అంటారు. దాని ప్రకారం తినదగినది కోషర్, వారపు విశ్రాంతి రోజు షబ్బత్, పులిసిన పిండి వంటలు ఇంట్లో ఉంచుకోని పండుగ పెసఖ్. యూదులు కాని మీకు ఈ ధర్మశాస్త్రం వర్తించదు. మీరు ప్రార్థన చేయక్కర్లేదు, ఉపవాసం ఉండక్కర్లేదు. కానీ మీరు వండిన కూర వాళ్లు తినవచ్చా, మీరు పెట్టిన టీ తాగవచ్చా అనేది మీరు ఎలా చేశారన్నదాన్ని బట్టి మారుతుంది. మీరు నేర్చుకోవాల్సింది ఆ మేరకే.

## 1. మొదటి రోజే అడిగి రాసుకోవాల్సినవి

ఇంటింటికీ ఆచారం మారుతుంది. పాత ఇంట్లో నేర్చుకున్నది కొత్త ఇంట్లో తప్పు కావచ్చు. పెద్దావిడకు మతిమరుపు ఉంటే ఆమెను అడగకండి, కూతురినో కొడుకునో కూర్చోబెట్టి అడగండి.

- మీది అష్కెనాజీ (యూరప్ మూలాలు) ఆచారమా, సెఫార్దీ (మొరాకో, ఇరాక్ వంటి చోట్ల నుంచి వచ్చినవాళ్లు) ఆచారమా?
- మాంసం తిన్నాక పాలు తీసుకోవడానికి ఎన్ని గంటలు ఆగుతారు?
- పొయ్యి నేను వెలిగించవచ్చా, మీరే వెలిగించాలా?
- ప్యాకెట్ల మీద ఏ హెక్షేర్ (కోషర్ ధ్రువీకరణ ముద్ర) ఉంటే కొనాలి? ముద్రలు చూపించండి, ఫోన్‌లో ఫొటో తీసుకుంటాను.
- సందేహం వస్తే రబ్బీని (యూదు మత గురువును) ఎవరు అడుగుతారు? ఎవరికి ఫోన్ చేయాలి?
- షబ్బత్‌లో మీరు ఫోన్ ఎత్తరు కదా, అప్పుడు ఏం చేయాలి?

చివరి రెండూ అడగకుండా పనిలో దిగినవాళ్లే తర్వాత ఎక్కువ ఇబ్బంది పడతారు.

## 2. వంటగదిలో మూడు భాగాలు

ఆహారం మూడు రకాలు. బసారి అంటే మాంసం, కోడి, వాటితో చేసినవి. హలవి అంటే పాలు, పెరుగు, వెన్న, చీజ్. పర్వే అంటే రెండూ కానివి: కూరగాయలు, పండ్లు, బియ్యం, పప్పులు, గుడ్లు, చేపలు. గుడ్డు మాంసం కింద లెక్క కాదు, కోడి మాత్రం మాంసమే.

బసారి, హలవి కలిపి వండకూడదు, కలిపి తినకూడదు. గిన్నెలు, గరిటెలు, కత్తులు, ప్లేట్లు, గిన్నెలు తోమే స్పాంజి, తుడిచే గుడ్డ అన్నీ రెండు సెట్లు ఉంటాయి. చాలా ఇళ్లలో సింకులు కూడా రెండు. రంగు గుర్తులు పెట్టుకుంటారు, సాధారణంగా మాంసానికి ఎరుపు, పాలకు నీలం. మీ ఇంట్లో గుర్తులు లేకపోతే రంగు టేపు అంటిద్దామని మీరే అడగండి, కాదనరు.

మన ఇళ్లలో మడి, ఎంగిలి చూసినవాళ్లకు ఇది త్వరగానే పట్టుబడుతుంది. ఒక తేడా గుర్తుంచుకోవాలి. మడిలో తాకితే చాలు, ఇక్కడ ముఖ్యమైనది వేడి. పాల గిన్నె పక్కన మాంసం గిన్నె అలమారలో తగిలితే పెద్దగా ఏమీ కాదు. వేడి పాలలో మాంసం గరిటె పెట్టి తిప్పితే సమస్య.

వేడితో పాటు ఘాటు కూడా లెక్కలోకి వస్తుంది. ఉల్లి, వెల్లుల్లి, ముల్లంగి, పచ్చిమిర్చి లాంటివి చల్లగా ఉన్నా కత్తిలోని రుచిని లాక్కుంటాయని ధర్మశాస్త్రం చెబుతుంది. మాంసం కత్తితో కోసిన ఉల్లిపాయను పెరుగు పచ్చడిలో వేయకూడదన్నమాట. మన వంటలో ఉల్లి, మిర్చి లేని పూట ఉండదు కాబట్టి ఈ పొరపాటు మనవాళ్లకే ఎక్కువ జరుగుతుంది. ఉల్లి, వెల్లుల్లి, మిర్చి కోయడానికి విడిగా ఒక పర్వే కత్తి, ఒక పర్వే చెక్క పెట్టమని అడగండి. దీనితో సగం తలనొప్పి పోతుంది.

కొత్త గిన్నె కొంటే వెంటనే వాడకండి. యూదుల ఇంట్లో వాడే కొత్త లోహం, గాజు పాత్రలను ముందు మిక్వే (శుద్ధి స్నానపు కొలను) నీటిలో ముంచి తెస్తారు. స్టిక్కర్ పీకకుండా పక్కన పెట్టి చెప్పండి.

## 3. కొనేటప్పుడు, వండేటప్పుడు

కొనడం. హలాల్ మాంసం కోషర్ కాదు, రెండూ వేరు వేరు పద్ధతులు. మాంసం, చీజ్, వైన్ సీల్ వేసి ఉన్నవే తీసుకుని, సీల్ విప్పకుండానే ఇంటికి తేవాలి. చేపకు రెక్కలు, పొలుసులు రెండూ ఉండాలి. చర్మం తీసేసిన ముక్కలు ముద్ర లేకుండా కొనకండి, పొలుసులు చూడడానికి వీలుండదు. రొయ్యలు, పీతలు, జెల్లలు కుదరవు.

ఆకుకూరలు. పురుగు తినడం నిషిద్ధం. కొత్తిమీర, పుదీనా, పాలకూర, కాలీఫ్లవర్ మామూలుగా కడిగితే చాలదు. చాలా ఇళ్లలో పురుగు లేకుండా పెంచిన ప్రత్యేక ఆకుకూర ప్యాకెట్లే కొంటారు. బియ్యం, పప్పు తెల్లటి పళ్లెంలో పోసి ఏరండి. మన అమ్మమ్మల పనే ఇది, కొత్తగా నేర్చుకోవాల్సింది లేదు.

గుడ్లు. ఒక్కోటి విడిగా గాజు గ్లాసులో పగలగొట్టి చూడండి. రక్తపు చుక్క కనిపిస్తే పారేయాలి. నేరుగా పెనంలో కొట్టే అలవాటు మానండి, ఒక్క చుక్కతో పెనం సంగతి కూడా తేల్చాల్సి వస్తుంది.

పొయ్యి. ఇది చాలామందికి తెలియదు. పచ్చిగా తినని, విందులో వడ్డించదగ్గ వంటకం పూర్తిగా యూదులు కానివాళ్లే వండితే దాన్ని యూదులు తినకూడదనే నియమం ఉంది. అష్కెనాజీ ఇళ్లలో యూదుడు పొయ్యి వెలిగిస్తే చాలు, మిగతా వంటంతా మీరు చేయవచ్చు. సెఫార్దీ ఇళ్లలో సాధారణంగా గిన్నెను పొయ్యి మీద పెట్టేది కూడా యూదుడే కావాలి. మంచం దిగలేని పెద్దమనిషి ఉన్న ఇంట్లో దీనికి ఏం ఏర్పాటు చేయాలో కుటుంబమే రబ్బీని అడిగి తేల్చుకుంటుంది. మీరు చేయాల్సింది మొదటి వారంలోనే విషయం ఎత్తడం.

వైన్. యూదులు కాని వ్యక్తి సీల్ విప్పిన వైన్‌ను ముట్టుకుని పోస్తే వాళ్లు తాగరు. ద్రాక్షరసానికీ ఇదే లెక్క. సీసా మీద "మెవుషల్" (మరిగించినది) అని ఉంటే ఈ పట్టింపు ఉండదు. తేడా తెలిసేదాకా విప్పిన సీసా జోలికి వెళ్లకపోవడమే మేలు.

పొయ్యి, వైన్ నియమాలు మొదటిసారి విన్నప్పుడు మనసు చివుక్కుమంటుంది. మన ఊళ్లలో అంటు పేరుతో జరిగిన అవమానాలు గుర్తొస్తాయి. అలా అనిపించడంలో తప్పేమీ లేదు. కానీ ఈ నియమం కులాన్ని, పనిని చూసి పెట్టింది కాదు. ఆ ఇంటికి భోజనానికి మంత్రి వచ్చినా, అతను యూదుడు కాకపోతే, వైన్ పోయనివ్వరు. అదే ఇంట్లో మీ చేతి అన్నం తింటారు, మీ చెయ్యి పట్టుకుని నడుస్తారు.

## 4. మీ తిండి మీరు ఎలా వండుకోవాలి

కూరలో పెరుగు వేసి చికెన్ నానబెట్టడం, బిర్యానీ మీద నెయ్యి, కోడికూర తర్వాత పెరుగన్నం ఇవన్నీ మనకు సహజం. ఆ వంటగదిలో మూడూ కుదరవు.

సులువైన దారి ఇది. మీకంటూ ఒక చిన్న ఇండక్షన్ స్టవ్, రెండు గిన్నెలు, ఒక ప్లేటు, ఒక చెంచా విడిగా పెట్టుకోండి. వాటిని వాళ్ల సింకులో కడగవచ్చో లేదో అడగండి, వద్దంటే బకెట్‌లో కడుక్కోండి. వాళ్ల గిన్నెల్లో మీ వంట వండకండి, "ఒక్కసారే కదా" అని కూడా వద్దు.

- ఎండు రొయ్యలు, ఎండు చేపలు ఊరి నుంచి తెచ్చుకుంటే మీ గదిలోనే, మూత గట్టిగా ఉన్న డబ్బాలో.
- ఆవకాయ, గోంగూర పచ్చడికి ముద్ర ఉండదు. మీ ప్లేటులో మీరు తినవచ్చు, వాళ్ల గిన్నెలో కలపకండి. పెద్దాయన ఎంత ముచ్చటపడి అడిగినా ముందు కుటుంబాన్ని అడగండి.
- కోడికూరకు చిక్కదనం కావాలంటే కొబ్బరిపాలు వాడండి. అవి పర్వే. చూడడానికి పాలలాగే ఉంటాయి కాబట్టి డబ్బాను బల్ల మీద కనిపించేలా పెట్టడం కొన్ని ఇళ్ల పద్ధతి.

## 5. తరచూ జరిగే పొరపాట్లు, ఏం చేయాలి

మధ్యాహ్నం కోడి తిన్న పెద్దావిడకు నాలుగింటికి పాల టీ ఇవ్వడం. చాలా కుటుంబాలు మాంసం తర్వాత 6 గంటలు ఆగుతాయి. జర్మనీ మూలాల వాళ్లలో 3 గంటలు, డచ్ మూలాల వాళ్లలో 1 గంట ఆచారం ఉంది. ఒంటిగంటకు తిన్నారంటే ఏడు దాకా పాలు లేని టీయే. మతిమరుపు ఉన్నవాళ్లకు తిన్న సంగతి గుర్తుండదు కాబట్టి ఫ్రిజ్ మీద టైమ్ రాసి పెట్టండి.

ఒకదాని గరిటె ఇంకోదానిలో పెట్టడం. ఇక్కడ మనవాళ్లు చేసే పెద్ద తప్పు గరిటె పెట్టడం కాదు, గబగబా వేడి నీళ్లతో కడిగేసి చెప్పకుండా ఊరుకోవడం. వేడి నీళ్లు సమస్యను పెంచవచ్చు. ఇలా చేయండి:

1. పొయ్యి ఆపండి. గరిటె, గిన్నె, కూర దేన్నీ పారేయకండి, కడగకండి. విడిగా పెట్టండి.
2. ఇవి రాసుకోండి: ఏ గిన్నె, ఏ గరిటె, కూర చెయ్యి కాలేంత వేడిగా ఉందా, చల్లగా ఉందా, గిన్నెలో సుమారు ఎంత ఉంది, పడింది ఎంత, ఆ గరిటెను గత 24 గంటల్లో వేడి పాలకో వేడి మాంసానికో వాడారా, ఉల్లి, వెల్లుల్లి ఉన్నాయా.
3. కుటుంబానికి ఫోన్ చేసి చదివి వినిపించండి. రబ్బీ అడిగే ప్రశ్నలు దాదాపు ఇవే.

చాలాసార్లు జవాబు "పరవాలేదు" అనే వస్తుంది. పొరపాటున పడినదానికి 60 రెట్లు కూర ఉంటే తినవచ్చనే లెక్క ఉంది. 24 గంటలుగా వాడని గరిటెకు ఇంకా సడలింపు. లోహపు పాత్రను మరిగే నీళ్లలో ముంచి శుద్ధి చేసే పద్ధతి ఉంది, పింగాణీకి అది పనిచేయదు. ఈ లెక్క మీరు వేయకండి, వివరాలు ఇచ్చి ఊరుకోండి. దాచిన సంగతి ఒకసారి బయటపడితే ఆ ఇంట్లో మీ వంట మీద నమ్మకం పోతుంది.

చేతులు కడుక్కున్న మనిషితో మాట్లాడించబోవడం. రొట్టె తినేముందు రెండు చెవుల చెంబుతో చేతుల మీద నీళ్లు పోసుకుంటారు. అప్పటి నుంచి రొట్టె ముక్క నోట్లో పెట్టుకునేదాకా మాట్లాడరు. మీరు అడిగినదానికి చేయి ఊపి ఊరుకుంటే కోపం అనుకోకండి. టవల్ అందించండి చాలు.

## 6. శుక్రవారం: పనుల వరుస

షబ్బత్ శుక్రవారం సూర్యాస్తమయానికి ముందు మొదలై శనివారం చుక్కలు పొడిచేదాకా, దాదాపు 25 గంటలు ఉంటుంది. దీపాలు చాలా చోట్ల సూర్యాస్తమయానికి 18–20 నిమిషాల ముందు, యెరూషలేంలో 40 నిమిషాల ముందు వెలిగిస్తారు. టైమ్ ప్రతి వారం మారుతుంది. చలికాలంలో సాయంత్రం నాలుగింటికే మొదలైపోతుంది, కాబట్టి గురువారం సాయంత్రమే కొనుగోళ్లు ముగించండి.

ఉదయం
- వంట అంతా మొదలుపెట్టండి. షబ్బత్‌లో వండరు. రాత్రంతా సన్నని వేడి మీద ఉడికే చోలెంత్ (సెఫార్దీ ఇళ్లలో హమీన్) మధ్యాహ్నానికల్లా పొయ్యి మీద ఉండాలి.
- సోమవారం దాకా సరిపడా మందులు ఉన్నాయో చూడండి. పొడి చేసి ఇవ్వాల్సిన మాత్రలు ముందే పొడి చేసి పొట్లాలు కట్టండి.

మధ్యాహ్నం
- పెద్దవాళ్లకు స్నానం, గోళ్లు, బట్టలు.
- టాయిలెట్ పేపర్ ముక్కలుగా చింపి పెట్టడం (ఆ రోజు చింపరు), లేదా ముక్కలుగా వచ్చే టిష్యూ డబ్బా పెట్టడం.
- ఫ్రిజ్ తలుపు తీస్తే వెలిగే బల్బు ఆపడం. ఎక్కువగా మరిచిపోయేది ఇదే.

దీపాలకు గంట ముందు
- ప్లాటా (షబ్బత్‌కు వాడే వేడి పలక) ఆన్ చేసి గిన్నెలు దాని మీద చేర్చడం.
- నీళ్ల అర్న్ (నీళ్లు కాచి వేడిగా ఉంచే పాత్ర) నింపి మరిగించడం. టీ డికాక్షన్ చేసి సీసాలో పోయడం.
- లైట్లు, ఏసీ టైమర్ సరిచూడడం. బాత్రూం లైటు వేసే ఉంచడం.
- వినికిడి యంత్రం, ఆక్సిజన్ యంత్రం, గాలి పరుపు ఆన్‌లో ఉన్నాయా, చార్జింగ్ ఉందా చూడడం.

షబ్బత్ మీ సెలవు రోజైతే దీపాలకు రెండు మూడు గంటల ముందే బయలుదేరండి. హైఫా లాంటి కొన్ని చోట్ల తప్ప బస్సులు ఆగిపోతాయి, టాక్సీలు, షేర్ టాక్సీలు మాత్రమే దొరుకుతాయి.

## 7. షబ్బత్ రోజు

ధర్మశాస్త్రం 39 రకాల పనులను నిషేధించింది. మంట వెలిగించడం, ఆర్పడం, వండడం, రాయడం, కత్తిరించడం వాటిలో ఉన్నాయి. కరెంటు స్విచ్ కూడా ఈ లెక్కలోకే వస్తుంది. ఫోన్, పెన్ను, డబ్బు ముట్టుకోరు.

మీరు మీ గదిలో లైటు వేసుకోవచ్చు, ఫోన్ మాట్లాడవచ్చు, మీ టీ మీ కెటిల్‌లో కాచుకోవచ్చు. వాళ్లు మిమ్మల్ని "లైటు వెయ్యి" అని అడగకూడదు. వాళ్ల కోసమే మీరు వేసిన లైటును వాళ్లు వాడుకోకూడదు. మీ పని కోసం మీరు వేసుకుంటే, ఆ వెలుతురు వాళ్లకూ ఉపయోగపడవచ్చు.

అందుకే శుక్రవారం రాత్రి పెద్దాయన "ఈ గదిలో చీకటిగా ఉంది" అని ఊరికే అన్నట్టు అంటే, అది కబురు కాదు, సూచన. "అవును సబా (తాతయ్యా), చీకటిగానే ఉంది" అని మీరు కూర్చుంటే ఆయన అంతకన్నా విప్పి చెప్పలేరు. లేచి, ఆ గదిలో మీకు చేయాల్సిన పని ఏదైనా ఉంటే (పక్క సర్దడం, మందుల డబ్బా చూడడం) లైటు వేసుకుని చేసుకోండి. పని అయ్యాక వెంటనే ఆర్పకండి.

జబ్బుతో మంచాన పడినవాళ్ల విషయంలో లెక్క వేరు. ప్రాణాపాయం లేకపోయినా, రోగి అవసరానికి యూదులు కానివాళ్లను నేరుగా అడిగే వీలు ఉంది. డైపర్ మార్చడం, మంచం ఎత్తు మార్చే బటన్ నొక్కడం, వేడి నీళ్లతో ఒళ్లు తుడవడం వంటివి ఏవేవి దీని కిందికి వస్తాయో ముందే జాబితా రాయించుకోండి.

టీ పెట్టేటప్పుడు అర్న్‌లోని నీళ్లే వాడండి. ముందు ఒక పొడి కప్పులోకి, దాని నుంచి ఇంకో కప్పులోకి, అప్పుడు డికాక్షన్. ప్లాటా మీద నుంచి దించిన పులుసు చల్లారిపోతే మళ్లీ పెట్టకండి.

వీల్‌చైర్‌లో ప్రార్థనా మందిరానికి తీసుకెళ్లాలంటే ఆ వారం ఎరూవ్ (ఊరి చుట్టూ కట్టిన తీగ సరిహద్దు, అది ఉంటేనే ఆ రోజు వీధిలో వస్తువులు మోయడం, తోయడం కుదురుతుంది) సరిగ్గా ఉందో శుక్రవారమే కనుక్కోండి. లిఫ్టులో షబ్బత్ మోడ్ ఉంటే ప్రతి అంతస్తులో దానంతటదే ఆగుతుంది, బటన్ నొక్కక్కర్లేదు.

## 8. ప్రాణం మీదికి వస్తే

ఛాతీ నొప్పి, ఊపిరాడకపోవడం, పడిపోవడం, మూతి వంకర పోవడం. వెంటనే 101 (అంబులెన్స్) కొట్టండి. ఎవరినీ అనుమతి అడగకండి, రబ్బీని అసలే వద్దు. ప్రాణం కాపాడడానికి షబ్బత్ నియమాలన్నీ పక్కకు పోతాయి, యూదులకు కూడా. ఇలాంటప్పుడు త్వరపడేవాణ్ని మెచ్చుకోవాలని, అడుగుతూ కూర్చునేవాడు రక్తం చిందించినట్టేనని ధర్మశాస్త్రమే అంటుంది. యోమ్ కిప్పూర్ ఉపవాసం రోజు షుగర్ పడిపోయినా ఇదే మాట. ఆ పండుగకు వారం ముందే డాక్టరు ఏం చెప్పారో కుటుంబంతో కాగితం మీద రాయించుకోండి.

## 9. పెసఖ్ వారం

మార్చి–ఏప్రిల్‌లో వచ్చే ఈ పండుగ ఇజ్రాయెల్‌లో 7 రోజులు. గోధుమ, బార్లీ, రై, ఓట్స్, స్పెల్ట్‌తో చేసి పులిసిన ఏదైనా హమెత్స్. అది ఇంట్లో వాళ్ల సొత్తుగా ఉండకూడదు. ఇల్లంతా జేబులతో సహా దులుపుతారు. గిన్నెల సెట్లు కూడా మారిపోతాయి.

మీ అలమారలో చూడాల్సినవి:

- బ్రెడ్డు, బిస్కెట్లు, చపాతీ పిండి, ఉప్మా రవ్వ, సేమ్యా, నూడుల్స్.
- ఇంగువ. చాలా డబ్బాల్లో గోధుమ పిండో మైదానో కలుపుతారు, వెనక రాసింది చదవండి.
- ఇంగువ వేసిన పచ్చళ్లు, పొడులు, సాంబారు పొడి.

ఇవి మీ సొంతం కాబట్టి పారేయాల్సిన అవసరం సాధారణంగా ఉండదు. మూటకట్టి, టేపు వేసి, కుటుంబం చూపించిన చోట పెట్టండి. వాళ్ల వంటగదిలోకి, భోజనాల బల్ల దగ్గరికి తేవద్దు.

అష్కెనాజీ ఇంట్లో అన్నం, పప్పు, మొక్కజొన్న కూడా ఆ వారం వండరు. సెఫార్దీ ఇళ్లలో చాలామంది బియ్యం మూడుసార్లు ఏరి వాడతారు. అన్నం లేకుండా ఏడు రోజులంటే మనకు కష్టమే. మీ గదిలో మీ కుక్కర్‌లో వండుకోవచ్చా అని పండుగకు రెండు వారాల ముందే అడగండి. కొందరు సరే అంటారు, కొందరు ఆ వారం బయట తినడానికి డబ్బులిస్తారు. రెండూ కుదరకపోతే బంగాళాదుంప వేపుడు, గుడ్ల కూర, వంకాయ, టమాటా ఉన్నాయి. కారం మాత్రం ప్యాకెట్ మీద పెసఖ్ ముద్ర చూసి కొనండి, పాత డబ్బాలోది వేయకండి.